నీహారిక బొమ్మ కింద రెండు వాక్యాలు వేయండి: అంతరిక్ష చిత్రాలను ప్రచురించే వారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన పత్రికా సంపాదకులకు, వార్తా వెబ్‌సైట్ల, టీవీ చానళ్ల బాధ్యులకు, విజ్ఞానశాస్త్ర పాఠ్యపుస్తకాలను రూపొందించే నిపుణులకు,

నమస్కారం.

అంతరిక్ష టెలిస్కోపులు తీసిన గెలాక్సీల, నీహారికల (అంటే అంతరిక్షంలోని వాయు, ధూళి మేఘాల) చిత్రాలను మీరు తరచూ ప్రచురిస్తున్నారు. టెలిస్కోపును ఎన్నడూ చూడని లక్షలాది మందికి ఆకాశం మీద ఆసక్తి కలిగిందంటే అందులో మీ పాత్ర పెద్దది. ఆ సంగతి మరచి ఈ లేఖ రాయడం లేదు. నా విన్నపం ఒక్కటే. ఆ చిత్రాన్ని ఏ టెలిస్కోపు ఏ కాంతిలో తీసింది, అందులోని రంగులు వేటికి గుర్తులు, అది ఎంత దూరాన ఉన్న ఎంత పెద్ద వస్తువు అనే వివరాన్ని బొమ్మ కిందే, బొమ్మతో పాటే వేయండి. ‘కనువిందు చేస్తున్న విశ్వం’ అనే వ్యాఖ్యతో దయచేసి సరిపెట్టకండి.

ఈ విన్నపానికి ఒక చిన్న సంఘటన కారణం. చాలా ఏళ్లుగా నేను ఎనిమిది అంగుళాల అద్దం ఉన్న టెలిస్కోపుతో పిల్లలకూ పెద్దలకూ ఆకాశం చూపిస్తున్నాను. ఒక రాత్రి టెలిస్కోపును ఓరియన్ నీహారిక మీదికి తిప్పి, వరుసలో నిలబడ్డ వాళ్లను ఒక్కొక్కరినీ పిలిచి చూడమన్నాను. ఏడో తరగతి చదివే ఒక అమ్మాయి చేతిలో ఏదో పత్రిక నుంచి జాగ్రత్తగా కత్తిరించుకున్న అదే నీహారిక బొమ్మ ఉంది. గులాబీ, ఊదా, నారింజ రంగులతో నిండిన బొమ్మ అది. ఆమె ఐపీసుకు కన్ను ఆనించి చాలాసేపు చూసింది. తరవాత తల ఎత్తి, “బూడిద రంగు పొగలా ఉంది సార్, రంగులు లేవు” అంది. ఆ రంగులు మన కంటికి అందవని చెప్పాను. ఆమె తన దగ్గరున్న కాగితాన్ని నా ఎర్రటి టార్చి వెలుగులో పెట్టి, “అయితే ఇది అబద్ధమా?” అని అడిగింది.

అబద్ధం కాదు. కానీ కాదని ఆ పిల్లను ఒప్పించడానికి నాకు అరగంట పట్టింది, ఈలోగా వరుసలో ఉన్నవాళ్లు చలిలో నిలబడిపోయారు. బొమ్మ కింద ఉన్న వ్యాఖ్యను కూడా ఆమె కత్తిరించి దాచుకుంది. దానిలో ‘అంతరిక్షంలో ఇంద్రధనుస్సు’ అనే రెండే రెండు మాటలు ఉన్నాయి. ఆమెకు కావలసిన జవాబు ఆ బొమ్మ విడుదలైనప్పుడు దానితో పాటే వచ్చింది, మధ్యలో ఎవరో తీసేశారు. ఆ తీసేసిన చోటనే నా ఫిర్యాదు.

ఆ అమ్మాయికి చెప్పిన సంగతులనే కొంచెం విడమరచి మీకూ చెప్తాను. మసక వెలుతురులో మన కంటిలో పనిచేసే కణాలు వెలుగు ఉందో లేదో చెప్పగలవు గానీ రంగును గుర్తించలేవు. అందుకే చిన్న టెలిస్కోపులో నీహారికలు దాదాపు అన్నీ బూడిద రంగులోనే కనిపిస్తాయి. ఓరియన్ నీహారిక లాంటి ప్రకాశవంతమైన వాటిలో మాత్రం కొందరికి లేత ఆకుపచ్చ ఛాయ తోస్తుంది. అంతరిక్ష నౌకలో దగ్గరికి వెళ్తే రంగులు కనిపిస్తాయి కదా అని చాలామంది అడుగుతారు. కనిపించవు. దగ్గరికి వెళ్లే కొద్దీ నీహారిక నుంచి మనకు అందే మొత్తం వెలుగు పెరుగుతుంది, కానీ నీహారిక కూడా అదే నిష్పత్తిలో ఆకాశంలో విస్తరించి కనిపిస్తుంది కాబట్టి ఒక్కొక్క చోటి ప్రకాశం ఏమాత్రం పెరగదు. నీహారిక లోపలే కూర్చున్నా మన చుట్టూ ఉండేది పలచని మసక వెలుగే. ఆ వెలుగును గంటల తరబడి పోగుచేయగల గ్రాహకం ఉంటేనే అందులో దాగిన తేడాలు బయటపడతాయి.

ఇప్పుడు మీరందరూ ఏదో ఒక రోజు ప్రచురించే ఉండే ఒక చిత్రాన్ని తీసుకుంటాను. ఈగిల్ నీహారికలో, అంటే ఎం16లో, ఏనుగు తొండాల్లా నిలబడిన మూడు ధూళి స్తంభాల చిత్రం అది. ‘సృష్టి స్తంభాలు’ అనే పేరు దానికి స్థిరపడింది. అరిజోనా స్టేట్ యూనివర్సిటీకి చెందిన జెఫ్ హెస్టర్, పాల్ స్కోవెన్ హబుల్ టెలిస్కోపుతో 1995 ఏప్రిల్ 1న దాన్ని తీశారు. మామూలు కెమెరాలో మీట నొక్కి తీసినట్టు తీసింది కాదది. హబుల్‌లోని కెమెరా రంగులను చూడదు, వెలుగు తీవ్రతను మాత్రమే నలుపు తెలుపుల్లో నమోదు చేస్తుంది. దాని ముందు తరంగదైర్ఘ్యాల్లో ఒక సన్నని పట్టీని మాత్రమే పోనిచ్చే ఫిల్టర్ పెట్టి కొన్ని చిత్రాలు, ఫిల్టర్ మార్చి మరికొన్ని చిత్రాలు తీస్తారు. అలా ఆ పరికరంలో ఇమిడి ఉన్న నాలుగు చిన్న కెమెరాల నుంచి వచ్చిన 32 చిత్రాలను కలిపితే ఆ ఒక్క బొమ్మ తయారైంది.

ఆ బొమ్మ కుడివైపు పై మూలలో మెట్ల ఆకారంలో నల్లగా ఖాళీ ఉంటుంది. అక్కడ ఏదో దాచారని గట్టిగా నమ్మేవాళ్లను నేను స్వయంగా చూశాను. దాచింది ఏమీ లేదు. ఆ నాలుగు కెమెరాల్లో ఒకటి మిగిలిన మూడింటికన్నా నిశితంగా, కానీ చిన్న ప్రాంతాన్ని చూసేలా అమర్చినది. దాని చిత్రాన్ని మిగతావాటి కొలతకు కుదిస్తే అది తన మూలలో కొంత భాగాన్నే నింపుతుంది, మిగిలింది ఖాళీగా ఉండిపోతుంది. ఇది ఒక్క వాక్యంలో చెప్పగలిగిన విషయం. ఆ వాక్యం లేకపోవడం వల్లనే పుకారుకు చోటు దొరికింది. ఆ మూలను నల్లరంగుతో కప్పేసి, నక్షత్రాలు అతికించి ముద్రించిన ప్రతిని కూడా చూశాను. అది మరీ బాధ కలిగించింది.

ఇక రంగుల మాట. ఆ చిత్రంలో మూడు ఫిల్టర్ల వెలుగు ఉంది. హైడ్రోజన్ 656 నానోమీటర్ల దగ్గర, ఒక ఎలక్ట్రాన్‌ను కోల్పోయిన సల్ఫర్ 672, 673 నానోమీటర్ల దగ్గర, రెండు ఎలక్ట్రాన్లను కోల్పోయిన ఆక్సిజన్ 501 నానోమీటర్ల దగ్గర వెలుగును వెదజల్లుతాయి. మొదటి రెండూ మన కంటికి ఎరుపే. వాటిని ఉన్నవి ఉన్నట్టు ఎరుపుగా చూపిస్తే హైడ్రోజన్ ఎక్కడుందో, సల్ఫర్ ఎక్కడుందో తెలియకుండా రెండూ ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి. అందుకని సల్ఫర్‌కు ఎరుపు, హైడ్రోజన్‌కు ఆకుపచ్చ, ఆక్సిజన్‌కు నీలం ఇచ్చారు. ఈ కేటాయింపులో ఒక క్రమం ఉంది. మూడింటిలో పొడవైన తరంగానికి ఎరుపు, మధ్యదానికి ఆకుపచ్చ, పొట్టిదానికి నీలం, అంటే ఇంద్రధనుస్సు వరుసే.

ఈ రంగులను చదవడం నేర్చుకున్న పాఠకుడికి ఆ బొమ్మలో జరుగుతున్న పని కళ్ల ముందు కనిపిస్తుంది. సల్ఫర్ పరమాణువు నుంచి ఒక ఎలక్ట్రాన్‌ను ఊడదీయడానికి సుమారు 10.4 ఎలక్ట్రాన్ వోల్టుల శక్తి చాలు. హైడ్రోజన్‌కు 13.6 కావాలి. ఇప్పటికే ఒకటి పోగొట్టుకున్న ఆక్సిజన్ నుంచి రెండోదాన్ని తీయాలంటే 35 కావాలి. స్తంభాలకు పైన, చిత్రం చట్రానికి వెలుపల, అప్పుడే పుట్టిన వేడి నక్షత్రాల గుంపు ఒకటి ఉంది. అక్కడి నుంచి వచ్చే అతినీలలోహిత కిరణాలు బలంగా తాకే ఖాళీ ప్రదేశంలో ఆక్సిజన్ వెలుగుతుంది, కాబట్టి నేపథ్యమంతా నీలి ఛాయ. స్తంభం చర్మాన్ని చేరేసరికి ఆ కిరణాల్లో అధిక శక్తి ఉన్నవి ఖర్చయిపోయి బలహీనమైనవి మిగులుతాయి. అందుకే అంచుల వెంబడి సల్ఫర్ వెలుగు సన్నని గీతలా మెరుస్తుంది. లోపల నల్లగా కనిపించేది వెలుగు చొరలేని దట్టమైన చల్లని ధూళి, వాయువు. నక్షత్రాల వెలుగు ఒక మబ్బును పైనుంచి కిందికి ఎలా ఒలిచేస్తోందో ఆ మూడు రంగులే చెబుతున్నాయి. మీరు వదిలేసిన వాక్యం ఖరీదు ఇదీ.

ఆ నీలం గురించి ఇంకొంచెం చెప్పాలని ఉంది, ఎందుకంటే నీహారికల చరిత్రలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన ఘట్టం అది. 1864లో ఆంగ్ల ఖగోళ శాస్త్రవేత్త విలియం హగిన్స్ తన టెలిస్కోపుకు వర్ణపటదర్శినిని, అంటే కాంతిని రంగులుగా విడదీసే పరికరాన్ని, తగిలించి, ఇప్పుడు పిల్లికన్ను నీహారిక అని పిలిచే ఎన్‌జీసీ 6543 వైపు చూశాడు. నక్షత్రాల్లో కనిపించే అవిచ్ఛిన్నమైన రంగుల పట్టీ అక్కడ లేదు, విడివిడిగా కొన్ని ప్రకాశవంతమైన గీతలు మాత్రమే ఉన్నాయి. దాంతో అది నక్షత్రాల సమూహం కాదనీ వెలిగే వాయువనీ తేలిపోయింది. కానీ వాటిలో ముఖ్యమైన ఆకుపచ్చ గీతలు (స్తంభాల చిత్రంలో నీలం ఇచ్చినది వీటిలో ఒకదానికే) అప్పటికి తెలిసిన ఏ మూలకానికీ సరిపోలేదు. ‘నెబ్యులియం’ అనే కొత్త మూలకం ఏదో ఉందని చాలాకాలం అనుకున్నారు. 1927లో అమెరికా భౌతిక శాస్త్రవేత్త ఐరా బోవెన్ ఆ ముడి విప్పాడు. అది కొత్త మూలకం కాదు, రెండు ఎలక్ట్రాన్లు పోగొట్టుకున్న మామూలు ఆక్సిజనే. ఆ అయాన్ ఆ గీతను వెలువరించాలంటే దాదాపు అర నిమిషం పాటు దేనినీ ఢీకొనకుండా ఉండాలి. మనం పీల్చే గాలిలో అది అసాధ్యం. ఇక్కడ ఒక ఘన సెంటీమీటరులో రెండు లక్షల కోట్ల కోట్లకు పైగా అణువులుంటాయి, ఒక్కో అణువు సెకనుకు కోట్ల సార్లు పక్కవాటిని ఢీకొంటుంది. నీహారికలో అదే ఘన సెంటీమీటరులో ఉండేవి కొన్ని వందల నుంచి కొన్ని వేల పరమాణువులు. మేఘంలా దట్టంగా కనిపించే ఆ నీలపు వెలుగు నిజానికి అక్కడ ఎంత శూన్యం ఉందో చెప్పే సాక్ష్యం.

ఈ రంగులను వర్ణించేటప్పుడు కొందరు ‘తప్పుడు రంగులు’ అనీ ‘కృత్రిమ రంగులు’ అనీ రాస్తున్నారు. ఏమీ చెప్పకపోవడం ఒక లోపమైతే ఇది దానికి వ్యతిరేక దిశలోని లోపం. ఈ మాట చదివినవారికి ఎవరో కంప్యూటర్ ముందు కూర్చుని తమకు నచ్చిన రంగులు పులిమారనే అర్థం వస్తుంది. చిత్రాన్ని సిద్ధం చేసేవారు కొన్ని నిర్ణయాలు తీసుకుంటారనడం నిజమే. జేమ్స్ వెబ్ అంతరిక్ష టెలిస్కోపు చిత్రాలను రూపొందించే జోసెఫ్ డిపాస్క్వాలే, అలిసా పాగన్ లాంటి నిపుణులు మసకగా ఉన్న భాగాలను ఎంత పైకి తేవాలి, ఏ ఫిల్టర్‌కు ఏ రంగు ఇవ్వాలి అనేది ఆలోచించి నిర్ణయిస్తారు. కానీ గ్రాహకం నమోదు చేయని నిర్మాణాన్ని వారు పుట్టించరు. గాయకుడు తన గొంతుకు అందని శ్రుతిలో ఉన్న కీర్తనను శ్రుతి తగ్గించుకుని పాడతాడు. స్వరాల మధ్య దూరాలు, రాగం అలాగే ఉంటాయి, మనం దాన్ని తప్పుడు పాట అనం. ఎరుపు కన్నా పొడవైన తరంగాలతో, కంటికి కనిపించని పరారుణ కాంతిని ఎరుపు నుంచి నీలం దాకా ఉన్న మన పరిధిలోకి తెచ్చి చూపించడం అలాంటిదే. ‘కేటాయించిన రంగులు’ అనండి, లేదా ‘కంటికి కనిపించని కాంతిని రంగులుగా మార్చి చూపిన చిత్రం’ అనండి. ఆ మాట నిజాయితీగా ఉంటుంది, అనుమానాన్ని పెంచదు.

వెబ్ విషయంలో ఈ వివరం మరీ అవసరం. 2021 డిసెంబర్ 25న బయలుదేరి, భూమికి 15 లక్షల కిలోమీటర్ల దూరాన పనిచేస్తున్న ఆ టెలిస్కోపు 0.6 నుంచి 28.5 మైక్రోమీటర్ల వరకు ఉన్న కాంతిని చూస్తుంది. మన కన్ను చూడగలిగేది సుమారు 0.4 నుంచి 0.7 వరకే. అంటే వెబ్ చిత్రాల్లో మనం చూసేదంతా దాదాపుగా పరారుణమే. 2022 అక్టోబర్‌లో వెబ్ తీసిన అవే ధూళి స్తంభాల చిత్రాలు వెలువడ్డాయి. సమీప పరారుణ కాంతిలో ధూళి సగం పారదర్శకమై, హబుల్ చిత్రంలో కనిపించని వందలాది నక్షత్రాలు తెర తీసినట్టు బయటపడ్డాయి. మధ్య పరారుణ కాంతిలో తీసిన రెండో చిత్రంలో ఆ నక్షత్రాలు చాలావరకు మాయమై ధూళే ప్రధానంగా కనిపించింది. ఈ రెండింటినీ హబుల్ చిత్రం పక్కన పెట్టి ‘అప్పుడు, ఇప్పుడు’ అని శీర్షిక పెట్టినవారు మీలో ఉన్నారు. స్తంభాలు మారలేదు, చూసిన కాంతి మారింది. పాతది మసక, కొత్తది స్పష్టం అనడమూ సరికాదు. వెబ్ అద్దం వెడల్పు 6.5 మీటర్లు, హబుల్‌ది 2.4 మీటర్లు. అయితే తరంగం పొడవైన కొద్దీ అదే అద్దం చూపే సూక్ష్మత తగ్గుతుంది. అందుకే రెండు మైక్రోమీటర్ల దగ్గర వెబ్ చూపే సూక్ష్మత, కంటికి కనిపించే కాంతిలో హబుల్ చూపే సూక్ష్మత దాదాపు సమానం. వెబ్ గొప్పతనం అది ధూళి వెనకకూ గతంలోకీ చూడగలగడంలో ఉంది. ఆ సంగతి చెప్పకుండా ‘ఇన్ని రెట్లు శక్తిమంతం’ అని రాస్తే పాఠకుడికి ఏమీ అందదు.

గెలాక్సీల దగ్గరికి వస్తే రంగుల కన్నా కాలం గురించిన పొరపాట్లే ఎక్కువ. ‘460 కోట్ల కాంతి సంవత్సరాల కిందటి దృశ్యం’ అనే వాక్యం 2022 జులైలో నాకు ఒక్కచోట కాదు, చాలాచోట్ల కనిపించింది. కాంతి సంవత్సరం దూరానికి కొలత, కాలానికి కాదు. ‘సంవత్సరం’ అనే మాట అందులో ఉండటం వల్ల జరిగే ఈ పొరపాటును దిద్దడానికి ఎర్ర సిరా గీత ఒక్కటి చాలు. ఆ వార్త ఎస్‌మ్యాక్స్ 0723 అనే గెలాక్సీల గుంపు గురించినది. పన్నెండున్నర గంటల పాటు వెలుగును పోగుచేసి వెబ్ తీసిన ఆ చిత్రం, చేయి చాచి పట్టుకున్న ఒక ఇసుక రేణువు ఎంత ఆకాశాన్ని కప్పుతుందో అంత మేరనే చూపుతుంది. అందులో వేలాది గెలాక్సీలున్నాయి.

ఆ చిత్రాన్ని కొంచెం దగ్గరగా చూడండి. ఆరు పెద్ద ముళ్లతో మెరిసే చుక్కలు మన పాలపుంతలోని నక్షత్రాలు. ఆ ముళ్లు వెబ్ అద్దపు షడ్భుజి ముక్కల వల్ల, ముందరి చిన్న అద్దాన్ని మోసే కడ్డీల వల్ల ఏర్పడేవి. హబుల్ చిత్రాల్లో ముళ్లు నాలుగే ఉంటాయి. వాటిని ‘గెలాక్సీ వెదజల్లుతున్న కిరణాలు’ అని రాసిన వ్యాఖ్యను కూడా నేను చదివాను. మధ్యలో తెల్లగా మసకమసకగా ఉన్నవి ఆ గుంపులోని గెలాక్సీలు, వాటి వెలుగు 460 కోట్ల ఏళ్ల కిందట బయలుదేరింది. వాటి చుట్టూ విల్లులా వంగి సాగిన ఎర్రటి గీతలు ఇంకా ఎంతో వెనక ఉన్న గెలాక్సీలు. గుంపు ద్రవ్యరాశి వాటి కాంతిని కటకంలా వంచడం వల్ల అవి సాగినట్టు కనిపిస్తున్నాయి. వాటిలో కొన్నిటి కాంతి 1,300 కోట్ల ఏళ్లకు పైగా ప్రయాణించి వచ్చింది. కాబట్టి ఆ చిత్రానికి ఒక్క తేదీ లేదు. ఒకే చట్రంలో పక్కపక్కనే ఉన్న మూడు చుక్కలు మూడు వేర్వేరు కాలాలవి. ‘460 కోట్ల ఏళ్ల కిందటి విశ్వం’ అని ఒక్క మాటలో తేల్చేయడం వల్ల ఆ లోతంతా పోయింది.

రంగు కొలత అయినప్పుడు దాన్ని చదవడంలో పొరపాటూ జరగవచ్చు. దీనికి సీర్స్-93316 అనే గెలాక్సీ మంచి ఉదాహరణ. 2022లో వేర్వేరు ఫిల్టర్లలో దాని ప్రకాశాన్ని పోల్చి చూసినప్పుడు రెడ్‌షిఫ్ట్ (విశ్వం వ్యాకోచించడం వల్ల కాంతి తరంగం ఎంత సాగిందో చెప్పే కొలత) 16కు పైగా ఉండవచ్చని తోచింది. అంటే మహావిస్ఫోటం (బిగ్ బ్యాంగ్) తరవాత 25 కోట్ల ఏళ్ల లోపటిది. మరుసటి ఏడు దాని వర్ణపటాన్ని తీస్తే రెడ్‌షిఫ్ట్ 4.9 అని తేలింది, అంటే మహావిస్ఫోటం తరవాత దాదాపు 120 కోట్ల ఏళ్ల నాటిది. ధూళి, బలమైన వాయు గీతలు కలిసి ఆ గెలాక్సీని ఎంతో దూరపుదానిలా కనిపింపజేశాయి. శాస్త్రవేత్తలు మొదటి నుంచీ దాన్ని ‘అభ్యర్థి’ అనే పిలిచారు, వర్ణపటం కోసం ఎదురుచూశారు. ఆ ఒక్క పదాన్ని తీసేసి ‘అత్యంత సుదూర గెలాక్సీ దొరికింది’ అని వేసిన పతాక శీర్షికలు మాత్రం అలాగే ఉండిపోయాయి. 2022లోనే బిగ్ బ్యాంగ్ సిద్ధాంతం కూలిపోయిందనే వార్తలు కూడా ఇలాంటి తొలి అంచనాల ఆసరాతోనే వచ్చాయి. సిద్ధాంతం కూలలేదు, తొలి గెలాక్సీలు అనుకున్నదానికన్నా త్వరగా, ప్రకాశవంతంగా ఏర్పడ్డాయా అన్నదే ప్రశ్న. ఆ ప్రశ్నకు బలం ఉంది. జేడ్స్-జీఎస్-జెడ్14-0 అనే గెలాక్సీ మహావిస్ఫోటం తరవాత 30 కోట్ల ఏళ్ల లోపే వెలుగుతోందని 2024లో వర్ణపటంతోనే నిర్ధారించారు. రెండు వార్తలకూ ఒకే రకం శీర్షిక పెడితే అంచనాకూ నిర్ధారణకూ ఉన్న తేడా పాఠకుడికి ఎలా తెలుస్తుంది? ‘ఫిల్టర్ల ఆధారంగా అంచనా’ అనో ‘వర్ణపటంతో నిర్ధారణ’ అనో రెండు మాటలు చేర్చండి.

పాఠ్యపుస్తకాల వారికి ప్రత్యేకంగా ఒక మాట. సర్పిలాకారపు పాలపుంతను పైనుంచి చూపి, ఒక చేతిలో సూర్యుడిని బాణం గుర్తుతో సూచించే బొమ్మ దాదాపు ప్రతి పుస్తకంలోనూ ఉంటుంది. అది ఫోటో కాదు, కొలతల ఆధారంగా గీసిన చిత్రం. పాలపుంత వెడల్పు సుమారు లక్ష కాంతి సంవత్సరాలు. 1977లో బయలుదేరి, మనుషులు పంపిన వాటన్నిటికన్నా ఎక్కువ దూరం వెళ్లిన వాయేజర్ 1 ఇప్పటికి చేరింది వెలుగు ఒక రోజులో పోయే దూరానికి అటూ ఇటూగా. బయటికి వెళ్లి మన గెలాక్సీని ఫోటో తీసినవారు ఎవరూ లేరు. అదే పేజీలో పక్కన హబుల్ తీసిన ఆండ్రోమెడా చిత్రం ఉంటుంది, అది నిజమైన పరిశీలన. గీసిన బొమ్మనూ తీసిన చిత్రాన్నీ ఒకే తీరులో, ఏ గుర్తూ లేకుండా అచ్చువేస్తే విద్యార్థి రెండింటినీ ఒకే కంటితో చూస్తాడు. ఎప్పుడో ఒకనాడు మొదటిది గీసినదని తెలిసినప్పుడు రెండోదాన్నీ నమ్మడం మానేస్తాడు. కంప్యూటర్ క్షణాల్లో పుట్టించే బొమ్మలు ‘వెబ్ చిత్రం’ అనే పేరుతో చెలామణీ అవుతున్న ఈ రోజుల్లో ‘చిత్రకారుడి ఊహ’ అనే మాటను ముద్రించడం గతంలోకన్నా అవసరం.

చోటు చాలదని మీరు అంటారు. పేజీ మీద ఒక్కో వరుస కోసం ఎంత పోటీ ఉంటుందో నాకు తెలియనిది కాదు. కానీ ఈ వివరాల కోసం మీరు వెతుక్కోవలసిన పని లేదు. హబుల్, వెబ్ పరిశీలనలను నిర్వహించే స్పేస్ టెలిస్కోప్ సైన్స్ ఇన్‌స్టిట్యూట్ విడుదల చేసే వెబ్ చిత్రాలతో పాటు అదే చిత్రానికి దిక్కుల గుర్తులు, కొలత గీత, ఏ ఫిల్టర్‌కు ఏ రంగు ఇచ్చారో చూపే వరుస ఉన్న మరో ప్రతిని కూడా ఇస్తుంది. మీరు తీసుకుంటున్నది ఆ గుర్తులు లేని ప్రతిని. వీలైతే ఒక్కసారి రెండోదాన్ని వేసి చూడండి. దిక్కుల గుర్తుల్లో ఉత్తరం పైకి ఉంటే తూర్పు ఎడమవైపు ఉండటం చూసి పిల్లలు తప్పకుండా అడుగుతారు. మనం నేలను పైనుంచి చూడటం లేదు, ఆకాశాన్ని కిందనుంచి చూస్తున్నాం అని చెబితే ఎంత సంతోషిస్తారో. పేజీ అమరిక కోసం చిత్రాన్ని అద్దంలో ప్రతిబింబంలా తిప్పేయడం ఎందుకు తప్పో కూడా అప్పుడు తెలుస్తుంది. అలా తిరగేసిన ఆకాశం ఎక్కడా ఉండదు.

ఆ సంస్థ వెబ్ చిత్రాలకు చూపు లేనివారి కోసం విపులమైన వర్ణన కూడా రాసి ఇస్తోంది. ఏ మూల ఏముంది, ఏ రంగు ఎక్కడ పలచబడుతోంది అని ఓపికగా సాగే ఆ వర్ణనలు నాకు చూపు ఉన్నా చదవడానికి ఎంతో ఉపయోగపడ్డాయి. వాటిని చదివాకే కొన్ని చిత్రాల్లో నేను అంతకుముందు గమనించని వివరాలు చూశాను. మీ వెబ్‌సైట్లలో చిత్రం వెనక ఆ వర్ణన ఉండవలసిన చోట చాలాసార్లు ఖాళీయో, ‘బొమ్మ1’ అనే మాటో ఉంటోంది. దానిని తెలుగులో రాయించి పెట్టండి. తెలుగులో చదువుకునే చూపు లేని పిల్లలకు ఆకాశం చేరడానికి అంతకన్నా దగ్గరి దారి నాకు కనిపించడం లేదు.

ఆ అమ్మాయి తన కాగితాన్ని మడిచి పుస్తకంలో పెట్టుకుని వెళ్లింది. ఆమె ఆ రాత్రి మళ్లీ వరుసలో నిలబడి, రెండోసారి ఐపీసులో చూసి, నీహారిక నడుమ చిన్న చతురస్రంలా ఉన్న నాలుగు నక్షత్రాలను తనంతట తానే కనిపెట్టింది. వాటి వెలుగుతోనే ఆ నీహారిక వెలుగుతోందని చెప్పినప్పుడు మళ్లీ బొమ్మ తీసి, అందులో అవి ఎక్కడున్నాయో వేలు పెట్టి వెతికింది. మీ వ్యాఖ్యలను చదివేది ఇలాంటి పాఠకులని మనవి.

ధూళి స్తంభాల చిత్రాన్ని మీరు ఈసారి ప్రచురించేటప్పుడు దాని కింద వేయదగిన వ్యాఖ్యను మచ్చుకు రాసి ఇస్తున్నాను. దీన్ని ఎవరైనా, నా పేరు లేకుండా, ఉన్నది ఉన్నట్టు వాడుకోవచ్చు.

“ఈగిల్ నీహారికలోని ధూళి స్తంభాలు, హబుల్ టెలిస్కోపు, 1995 ఏప్రిల్ 1. దూరం సుమారు 6,500 కాంతి సంవత్సరాలు, ఎడమవైపు స్తంభం పొడవు సుమారు 4 కాంతి సంవత్సరాలు. మూడు ఫిల్టర్లలో తీసిన నలుపు తెలుపు చిత్రాలకు రంగులు కేటాయించి కలిపినది: ఎరుపు సల్ఫర్, ఆకుపచ్చ హైడ్రోజన్, నీలం ఆక్సిజన్. మూలలోని నల్లని మెట్టు కెమెరా అమరిక వల్ల ఏర్పడింది.”

ఇట్లు,
మీ పాఠకుడు, ఒక ఆకాశ పరిశీలకుడు